పాడని పాటకు ఎవరినడగాలి?

మా అత్తమ్మ ఫోన్లో పాట వింటూ కళ్లు తుడుచుకుంటుంటే మొదట నాకేమీ వింతగా అనిపించలేదు. ఆమెకి బాలు పాటంటే అంత ఇష్టం. సాయంత్రం పూట వాకిట్లో కుర్చీ వేసుకుని, మైపాడు వైపు నుంచి వచ్చే గాలికి కూర్చుని, మనవడు పెట్టిచ్చిన పాటలు వినడం ఆమె అలవాటు. పక్కన గోరుచిక్కుడు కాయలు తుంచుకుంటూ నేనూ వింటుంటాను. ఆ రోజు మాత్రం నా చెయ్యి ఆగిపోయింది. ఆ పాట ఈమధ్య వచ్చిన సినిమాలోది. బాలు మనల్ని వదిలి వెళ్లింది 2020 సెప్టెంబరు 25న!

"అత్తమ్మా, ఇది బాలు పాడింది కాదు" అన్నాను.

"నాకు తెలీదా ఆయన గొంతు? ఎవరనుకున్నావు నన్ను?" అంది.

మా బావగారి అబ్బాయి నవ్వాడు. "పిన్ని చెప్పింది నిజమే నాయనమ్మా. ఎవరో పాడిన పాటని కంప్యూటర్ ఆయన గొంతులోకి మార్చింది. అయిదు నిమిషాల పని."

ఆమె కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "అట్టనా? మరి వాళ్లబ్బాయినడిగారా?" అంది.

"ఎవరూ అడగరు. ఎవరిష్టం వాళ్లది."

"అడగాలి గదరా" అంది. నిమిషం పోయాక, "అయినా బాగుందిలే, ఇంకోసారి పెట్టు" అంది.

నవ్వకండి. రెండు మాటలూ ఒక్క మనిషివే, రెండూ మనసులోంచి వచ్చినవే. మీ ఇంట్లోనూ ఇదే జరుగుతుంటుంది. వినాలని మనకి ఆశ. అడక్కుండా తీసుకోవడం తప్పని కూడా తెలుసు. ఈ రెంటి మధ్యా ఇవాళ కోర్టులూ సినిమావాళ్లూ గాయకుల కుటుంబాలూ కొట్టుమిట్టాడుతున్నారు. ఇదంతా సినిమావాళ్ల గొడవేలే అని నేనూ అనుకున్నాను, అది మా ఇంటి గడప దాకా వచ్చేవరకూ.

మా నెల్లూరోళ్లకి బాలు అంటే మనింటి మనిషి. పుట్టింది 1946 జూన్ 4న కోనేటమ్మపేటలో. సొంతిల్లు మాత్రం నెల్లూరు తిప్పరాజువారి వీధిలో. తండ్రి సాంబమూర్తి గారు హరికథలు చెప్పేవారు. గూడూరులో పాటల పోటీకి అతిథిగా వచ్చిన ఎస్. జానకి ఈ కుర్రవాడి పాట విని, సినిమాల్లో ప్రయత్నించమన్నారట. ఆ సంగతి బాలు ఎన్నో వేదికల మీద తలుచుకున్నారు. ఆ గొంతు విలువని ముందుగా పసిగట్టినవాళ్లలో ఒక ఆడమనిషి ఉందన్నది నాకెప్పుడూ ముచ్చటే. అనంతపురంలో ఇంజనీరింగు చేరి, టైఫాయిడ్ వచ్చి మానేసి, మద్రాసులో ఏ.ఎం.ఐ.ఈ. చదువుతూ పాటల పోటీలకి తిరిగారు. 1964లో మద్రాసులో ఘంటసాల, ఎస్.పి. కోదండపాణి న్యాయనిర్ణేతలుగా ఉన్న పోటీలో మొదటి బహుమతి వచ్చింది. ఆ కోదండపాణి గారే 1966 డిసెంబరు 15న 'శ్రీశ్రీశ్రీ మర్యాదరామన్న' కోసం ఆయన చేత తొలి సినిమా పాట పాడించారు. అక్కడినుంచి దాదాపు 54 ఏళ్లు.

40 వేల పాటలని అంటుంటారు. లెక్కల జోలికి నేను పోను. నేను కాపురానికొచ్చిన కొత్తలో, అంటే 1990ల్లో, ఈ సముద్రం ఒడ్డంతా రొయ్యల గుంటలు తవ్వుతున్న రోజుల్లో, రాత్రిళ్లు కాపలా ఉండేవాళ్ల టేప్ రికార్డర్లలో తెల్లవార్లూ బాలూయే. ఒక గుంట కాడ భక్తి పాట, ఇంకో గుంట కాడ చిరంజీవి పాట. రెండూ ఒకే మనిషి పాడాడని ఆ రోజుల్లో మా పనిమనిషి నమ్మేది కాదు. జాతీయ అవార్డులు ఆరు వచ్చాయి. తెలుగులో 'శంకరాభరణం', 'సాగర సంగమం', 'రుద్రవీణ', హిందీలో 'ఏక్ దూజే కే లియే', కన్నడంలో పంచాక్షర గవాయి గారి జీవిత కథ, తమిళంలో మనం 'మెరుపు కలలు'గా చూసిన సినిమా. మొత్తం నాలుగు భాషలు. 2001లో పద్మశ్రీ, 2011లో పద్మభూషణ్, పోయిన తర్వాత 2021లో పద్మవిభూషణ్.

అవార్డుల కంటే నాకు ఎక్కువనిపించేది వేరే ఉంది. ఎన్టీ రామారావుకి పాడితే ఒక గొంతు, అక్కినేనికి ఇంకో గొంతు, అల్లు రామలింగయ్యకి పాడితే వినగానే ఆ మొహమే కళ్లముందుకొచ్చేది. డబ్బింగు చూడండి. తెలుగు 'గాంధీ'లో గాంధీ గారి గొంతు ఆయనదే. 'అన్నమయ్య'లో వేంకటేశ్వరుడిగా సుమన్ నోరు తెరిస్తే వినపడేది ఆయనే. కమల్ హాసన్ తెలుగు మాట చాలా సినిమాల్లో ఆయనదే. 2008లో వచ్చిన 'దశావతారం'లో కమల్ వేసిన పది వేషాల్లో ఏడింటికి బాలు గొంతిచ్చారు. అందులో ముసలమ్మ వేషం కూడా ఉంది! మగాడు ఆడవేషం కడితే, దానికి మరో మగాడు ఆడగొంతు పెట్టాడు. చూస్తున్నంతసేపూ మనకి ఆ స్పృహే రాలేదు.

ఇంత వైవిధ్యం ఉంది కాబట్టే కంప్యూటర్ వాళ్లకి ఆయన గొంతు బంగారు గని అయింది. అన్ని భాషలు, అన్ని రసాలు, అన్ని వయసులూ దొరుకుతాయి. నేర్చుకోవడానికి కావలసినంత సరుకు.

కాదనే హక్కు

'శంకరాభరణం' నాటి సంగతి చాలామందికి తెలుసు. క్రమపద్ధతిలో శాస్త్రీయ సంగీతం నేర్చుకోలేదు కాబట్టి ఆ పాటలు పాడడానికి బాలు మొదట జంకారు. కె.వి. మహదేవన్ సహాయకుడు పుహళేంది ఓపికగా నేర్పారు. ఆ తర్వాత ఏమైందో చెప్పనక్కర్లేదు. ఆయనకీ, అదే సినిమాకి వాణీ జయరామ్‌కీ జాతీయ అవార్డులు వచ్చాయి. నేను చెప్పేది అవార్డు గురించి కాదు. ముందు ఆయన ఆగారు. ఆలోచించారు. తర్వాత సరేనన్నారు. ఆ ఆగడమూ, ఆ సరేననడమూ ఆయనవే.

జానకి గారినే చూడండి. 2013లో పద్మభూషణ్ ఇస్తామంటే, ఆలస్యంగా ఇచ్చారని వద్దన్నారు. 2016లో, 78 ఏళ్ల వయసులో, ఇక పాడనని ప్రకటించారు. తర్వాత ఎప్పుడైనా మనసు మార్చుకుని పాడినా అదీ ఆమె ఇష్టమే. చాలు అనుకునే అధికారం ఇంట్లో కూడా మనకి అంత సులువుగా దొరకదు కాబట్టి, ఆ ప్రకటన విన్నప్పుడు నాకు ఒకవైపు బాధగానూ, ఒకవైపు ఎంతో గర్వంగానూ అనిపించింది. 'సప్తపది'లో చిన్నపిల్లవాడి గొంతుతో పాడిన ఆమె, ఎప్పుడు ఆపాలో కూడా తానే నిర్ణయించుకుంది.

మిషనుకి ఈ రెండూ లేవు. దానికి జంకూ లేదు, ఇక చాలూ లేదు. బాలు ఏ పాటని వద్దనేవారో, ఏ మాట బాగాలేదని మార్చమనేవారో దానికి తెలీదు. 'పాడుతా తీయగా' 1996లో మొదలైనప్పటి నుంచి మనం ఆయన్ని చూశాం గదా. పిల్లలు ఒక ఒత్తు వదిలేస్తే ఊరుకునేవారు కాదు. పాట రాసిందెవరు, కట్టిందెవరు అని చెప్పకుండా ముందుకి పోయేవారు కాదు. అలాంటి మనిషి గొంతుని ఇప్పుడు ఏ తప్పుడు ఉచ్చారణకైనా తొడగొచ్చు. ఫోన్లో విన్న ఆ పాటలో ఒక చోట 'ళ'ని 'ల' చేశారు. అత్తమ్మ పట్టించుకోలేదు గానీ, నాకు చెవిలో ముల్లు గుచ్చుకున్నట్టయింది.

గొడవ ఎక్కడ మొదలైంది?

2023 నవంబరులో 'కీడా కోలా' అనే తెలుగు సినిమా వచ్చింది. అందులో బాలు గొంతుని కృత్రిమ మేధతో, తమని అడక్కుండా తిరిగి సృష్టించారంటూ ఆయన కుటుంబం 2024 జనవరిలో నిర్మాతలకీ సంగీత దర్శకుడికీ లీగల్ నోటీసు పంపింది. కొత్త సాంకేతికతకి తాము వ్యతిరేకం కాదు, అడక్కపోవడమే బాధ అన్నది కుమారుడు చరణ్ వాదన. సరిగ్గా ఆ నెలలోనే తమిళ 'లాల్ సలామ్'లో ఏ.ఆర్. రెహమాన్ ఇద్దరు దివంగత గాయకుల గొంతులు, బంబా బాక్యా, షాహుల్ హమీద్‌లవి, అదే పద్ధతిలో వాడారు. కుటుంబాల అనుమతి తీసుకున్నామని, తగిన పారితోషికం పంపామని ఆయనే చెప్పారు. ఒకే నెల, ఒకే మిషను, రెండు మర్యాదలు.

అడిగితే సరిపోతుందా? ఇక్కడ నేను కొంచెం తడబడుతున్నాను, దాచను. కుటుంబం సరేనంటే చట్టం దృష్టిలో గండం గడిచినట్టే. కానీ పాడాల్సిన మనిషి బదులు పిల్లలు తలూపడం, పెళ్లిచూపుల్లో పిల్లనడక్కుండా మేనమామ తాంబూలం పుచ్చుకున్నట్టుంటుంది నాకు. అయితే, అసలు ఎవరినీ అడక్కపోవడం కంటే మేనమామ నయం.

మీకు గుర్తుండే ఉంటుంది, 2017లో ఇళయరాజా తరఫున బాలుకీ, చిత్రకీ, చరణ్‌కీ నోటీసులు వచ్చాయి, తన పాటలు అనుమతి లేకుండా కచేరీల్లో పాడొద్దని. అప్పుడు మనమంతా రెండు జట్లుగా చీలిపోయి వంటింట్లో వాదించుకున్నాం. 2019లో వాళ్లిద్దరూ మళ్లీ ఒకే వేదిక ఎక్కారు, మన వాదనలు మిగిలిపోయాయి. ఆ తగువు పాడిన పాట గురించి. పాడిన పాటకి మన దేశంలో చట్టముంది. 2012లో కాపీరైటు చట్టాన్ని సవరించినప్పుడు, పాడినవాళ్లకి కూడా వాణిజ్యపరంగా వాడుకున్నప్పుడల్లా రాయల్టీలో వాటా ఉండాలని రాశారు. అంతకుముందు చాలామందికి ఆ రోజు చేతిలో పెట్టిన డబ్బే ఆఖరు. ఈ పాడినవారి హక్కు 50 ఏళ్లుంటుంది. అయితే హక్కంతా 'చేసిన ప్రదర్శన' మీద. అసలు పాడనే లేదు కదా, దేనిమీద హక్కు? ఇదీ చిక్కు.

కోర్టులు ఇప్పుడిప్పుడే దారి వెతుకుతున్నాయి. 2024 జులైలో అరిజిత్ సింగ్ వెళ్తే, అతని గొంతుని అనుమతి లేకుండా ఏఐతో నకలు చేయడం తప్పేనని బొంబాయి హైకోర్టు తాత్కాలిక ఉత్తర్వు ఇచ్చింది. 2025 సెప్టెంబరు చివర్లో ఆశా భోంస్లే అదే కోర్టుకి వెళ్లి అలాంటి రక్షణే తెచ్చుకున్నారు. అప్పటికి ఆమెకి 92 ఏళ్లు! ఆ వయసులో లాయర్ల చుట్టూ తిరిగి 'నా గొంతు నాది' అని చెప్పుకోవాల్సి రావడం ఏమిటో. అయితే వీళ్లిద్దరూ కేసు వేసింది బతికుండగా. పోయినవాళ్ల మాటేమిటి? నటుడు సుశాంత్ సింగ్ రాజ్‌పుత్ తండ్రి వేసిన కేసులో, ఇలాంటి వ్యక్తిగత హక్కులు మనిషితోనే పోతాయని, వారసత్వంగా రావని 2023లో ఢిల్లీ హైకోర్టు అంది. ఆ లెక్కన బాలు కుటుంబం కాలు పెట్టిన నేల అంత గట్టిది కాదు. అమెరికాలో టెనెసీ రాష్ట్రం 2024లో ఎల్విస్ ప్రెస్లీ పేరు కలిసొచ్చేలా ఒక చట్టం చేసి, గొంతుని కూడా మనిషి ఆస్తిలో చేర్చింది. అక్కడ ఆ హక్కు వారసులకి దక్కుతుంది. మన దగ్గర అలాంటిది రావాలనే నా అభిప్రాయం. దాంతోపాటు, తన గొంతుని ఏం చేయాలో, చేయకూడదో మనిషి ముందే రాసిపెట్టుకునే వీలూ ఉండాలి.

ఎందుకంటే బాలు తన ఇంటి సంగతి తానే తేల్చి వెళ్లారు. తల్లి శకుంతలమ్మ గారు 2019 ఫిబ్రవరిలో కన్నుమూశారు. మరుసటేడు 2020 ఫిబ్రవరిలో, తిప్పరాజువారి వీధి ఇంటిని వేద పాఠశాల కోసం కంచి పీఠానికి తన చేతుల మీదుగా అప్పగించారు. ఆ వీధిలో నడిచే ప్రతివాళ్లకీ ఆ ఇల్లు ఎవరిది, ఎవరిచ్చారు అన్నది తెలుసు. ఇంటికి కాగితం ఉంది. అంతకంటే ఎంతో విలువైన గొంతుకి ఏ కాగితమూ లేదు. ఆరు నెలలు తిరక్కుండానే, ఆగస్టు 5న కోవిడ్‌తో ఆస్పత్రిలో చేరారు. ఆగస్టు 20 సాయంత్రం ఆరింటికి ఎక్కడివాళ్లక్కడ ఆయన పాట పెట్టి ప్రార్థించమంటే మా వాకిట్లోనూ పెట్టాం. అదే ఏడాది నవంబరులో నెల్లూరు ప్రభుత్వ సంగీత నృత్య పాఠశాలకి ఆయన పేరు పెట్టారు. పేరుకి ఇంత గౌరవం. గొంతుని మాత్రం ఏ కుర్రాడైనా అయిదు నిమిషాల్లో ఎత్తుకుపోవచ్చు.

బాలు పేరున్నవాడు, ఆయన తరఫున నోటీసిచ్చేవాళ్లున్నారు. పేరు లేనివాళ్లో? తెలుగు తెరమీద హీరోయిన్ల నోట్లోంచి వచ్చే మాట చాలాసార్లు వేరే ఆడమనిషిది. బాలు చెల్లెలు శైలజ గారు పాటలు పాడటమే కాకుండా ఎందరో నాయికలకి మాట ఇచ్చారు. ఆమెని 'సాగర సంగమం'లో చూశాం కాబట్టి మొహం తెలుసు. మిగతావాళ్ల మొహమూ తెలీదు, పేరూ తెలీదు. నాకు తెలిసిన ఒకామె మద్రాసులో కోరస్ పాడేది. పొద్దున పోతే రాత్రి ఇంటికొచ్చేది. క్యాసెట్ అట్ట మీద ఒక్కనాడూ పేరు లేదు. మొన్న ఫోన్లో ఈ సంగతులు చెప్తే, "నా గొంతుని అది నేర్చుకుందో లేదో నాకెట్ట తెలుస్తుంది? తెలిసినా నాదేనని ఎట్ట రుజువు చేసేది?" అంది. నా దగ్గర జవాబు లేదు. ఆశా భోంస్లే గొంతు దేశమంతా గుర్తుపడుతుంది, జడ్జి గారితో సహా. ఈమె గొంతుని ఆమె పిల్లలు తప్ప ఎవరు గుర్తుపడతారు?

(దొంగ గొంతులతో ఫోన్లు చేసి డబ్బు లాగే మోసాల గురించి ఇంకో వారం మాట్లాడుకుందాం. అది పెద్ద కథ.)

ఇక మా ఇంటి సంగతి. మా పెద్దాడపడుచు, అంటే మా అత్తమ్మ కూతురు, 2021లో కరోనా రెండో విడతలో పోయింది. మా వైపు ఏ పెళ్లైనా అప్పగింతల పాట ఆమే పాడాలి. వచ్చే మాఘంలో ఆమె కూతురి పెళ్లి. మా బావగారి అబ్బాయి ఒక ఆలోచన చెప్పాడు. అత్త పంపిన వాయిస్ మెసేజీలు ఫోన్లో పదో పన్నెండో ఉన్నాయి, అవి చాలు, అప్పగింతలప్పుడు ఆమె గొంతుతో పాట వినిపిద్దాం అన్నాడు. పెళ్లికూతురు ఒక్కసారిగా ఏడ్చేసి, వెంటనే చేయించమంది. పిల్ల తండ్రి ఏమీ అనలేక నా వైపు చూశాడు. బాలు విషయంలో ఇన్ని చట్టాలు చెప్పిన నేను, తల్లిలేని ఆ పిల్ల మొహం చూసి వద్దనలేకపోయాను. మనవి కాని గొంతుల గురించి మాట్లాడటం ఎంత సులువో అప్పుడర్థమైంది.

అందరం అత్తమ్మ వైపు తిరిగాం. ఆమె చాలాసేపు కొంగు చివర మెలిపెడుతూ కూర్చుంది.

"దానికి ఆ పాట ఎప్పుడూ పూర్తిగా పాడటం రాలేదురా" అంది చివరికి. "సగానికొచ్చేసరికి ఏడుపొచ్చి ఆపేసేది. తక్కినవాళ్లం అందుకునేవాళ్లం. మీ మిషను ఎక్కడ ఆపుద్ది?"

వాడు ఏదో చెప్పబోయి ఊరుకున్నాడు. మెసేజీలున్న పాత ఫోను బీరువాలో చీరల కింద ఉంది. దాన్ని తీసివ్వమని పిల్ల మళ్లీ అడగలేదు, అత్తమ్మ ఇస్తాననీ అనలేదు. మాఘం ఇంకా రెండు నెలలుంది.

సాయంత్రాలు మాత్రం పాటలు మామూలే. నిన్న మూడో పాట మొదలవుతుంటే అత్తమ్మ ఫోను మీద చెయ్యి పెట్టి ఆపింది.

"అబ్బయ్యా, ఇది ఆయన పాడిందేనా?"